8 నిమిషాల 46 సెకన్ల దయ్యం

చెన్నైలో కాలం కళ్లముందే మాయమైపోతోందని చాలామంది వాపోతున్నారు. కారణం అడిగితే ట్రాఫిక్ అంటారు, మెట్రో తవ్వకాలంటారు, మొన్నటి వాన అంటారు. ఇవన్నీ పైపై మాటలు. ఈ నగరంలో ఒక దయ్యం తిరుగుతోంది. దాని వయసు వందేళ్లు దాటింది. నిడివి మాత్రం 8 నిమిషాల 46 సెకన్లు.

ఆధారం లేకుండా ఎవరి మీదా, చివరికి దయ్యం మీద కూడా, నింద వేయడం నాకు ఇష్టం ఉండదు. కాబట్టి ముందు దాని పుట్టుపూర్వోత్తరాలు చెబుతాను. ఈస్టిండియా కంపెనీవారు 1792లో నుంగంబాక్కంలో ఒక వేధశాల కట్టారు. నక్షత్రాలను చూసే యంత్రాన్ని నిలబెట్టడానికి పాతిన గ్రానైటు స్తంభం ఇప్పటికీ అక్కడే ఉంది. దాని మీది శాసనాన్ని తమిళంతో పాటు మన తెలుగులో కూడా చెక్కించారు. వెయ్యేళ్ల తర్వాతివాళ్లు చదువుకోవాలట. పక్క వీధివాళ్లే చదివినట్టు లేదు, అది వేరే సంగతి. 1802లో జాన్ గోల్డింగ్‌హామ్ అనే దొర అక్కడ కూర్చుని లెక్కలు కట్టి, మదరాసు గడియారం గ్రీనిచ్ కంటే 5 గంటల 21 నిమిషాల 14 సెకన్లు ముందు నడవాలని తేల్చాడు. తర్వాతి కాలంలో దేశంలోని రైళ్లకు కూడా ఆ గడియారమే దిక్కయింది.

1906 జనవరి 1న భారత ప్రామాణిక సమయం వచ్చింది. గ్రీనిచ్ కంటే అయిదున్నర గంటలు ముందు. దానికి ఆధారమైన 82.5 డిగ్రీల రేఖాంశం మన కాకినాడ దగ్గరగా పోతుంది. 1953లో మదరాసు మనకు దక్కలేదని ఇప్పటికీ నిట్టూర్చే పెద్దలు టి.నగర్‌లో ఉన్నారు. వారికి నా మనవి: ఊరు దక్కకపోతేనేం, ఆ ఊరి గడియారం అంతకు చాలా ఏళ్ల ముందే కాకినాడ పాలైంది. కలకత్తా 1948 వరకు, బొంబాయి 1955 వరకు తమ సొంత సమయాన్ని పట్టుకుని వేలాడాయి. మదరాసు మాత్రం బుద్ధిమంతురాలిలా ముళ్లు ముందుకు తిప్పేసుకుంది.

మరి మధ్యలో ఉన్న ఆ 8 నిమిషాల 46 సెకన్లు ఏమయ్యాయి? ఎవరూ వాటిని గడపలేదు, అనుభవించలేదు, సాగనంపనూ లేదు. ఆయువు తీరకుండా పోయినవాళ్లు ఏమవుతారో మన నాయనమ్మలందరికీ తెలుసు.

లక్షణాలు స్పష్టంగానే ఉన్నాయి. దయ్యం పట్టిన చోట గడియారం నడుస్తుంది, కాలం నడవదు. ఫోనులో ఆటో నాలుగు నిమిషాల్లో వస్తుందని చూపిస్తుంది. పావుగంట గడిచాక కూడా నాలుగు నిమిషాలే చూపిస్తుంది. తెరమీది బొమ్మ ఆటో వెనక్కి తిరిగి వేరే వీధిలోకి పోతుంది. ఇది యాప్ దోషం అనుకునేవారికి సైన్సు మీద గుడ్డి నమ్మకం ఎక్కువని నా అభిప్రాయం.

ఈమధ్య వడపళనిలో ఒక తెలుగువారి పెళ్లికి వెళ్లాను. సోమవారం. రాహుకాలం ఏడున్నర నుంచి తొమ్మిది వరకు కాబట్టి పంతులుగారు జాగ్రత్తపడి సుముహూర్తం 9 గంటల 4 నిమిషాలకు పెట్టారు. సరిగ్గా ఆ క్షణానికి అడ్డుతెర దించారు. వరుడు జీలకర్ర బెల్లం ఉన్న తమలపాకును వధువు తలమీద పెట్టబోయాడు. మేళగాళ్లు బుగ్గలు పూరించారు. అప్పుడు వీడియో తీసే అబ్బాయి చెయ్యెత్తి, ‘సార్, ఒక్క నిమిషం, బ్యాటరీ’ అన్నాడు. పెళ్లి ఆగింది. లైట్ల వేడికి బెల్లం కరిగి, వరుడి మణికట్టు మీదుగా కొత్త పట్టు చొక్కాలోకి జారుతోంది. సన్నాయి ఆయన పీల్చిన గాలిని ఏం చేయాలో తెలియక మింగేశాడు. మంత్రాలు అయిపోయిన పంతులుగారు మళ్లీ మొదటి నుంచి అందుకున్నారు. ఆకు వధువు తలను తాకేసరికి 9 గంటల 13 నిమిషాలు.

అందరూ ఆ అబ్బాయిని తిట్టారు. నేను మాత్రం పెళ్లిపత్రిక వెనుక లెక్క వేశాను. మనం 9 గంటల 4 నిమిషాలు అనుకున్నప్పుడు పాత మదరాసు గడియారంలో ఇంకా తొమ్మిది కాలేదు, నిక్షేపంగా రాహుకాలం నడుస్తోంది! మనకు 9 గంటల 13 అయ్యాకే అక్కడ అసలు ముహూర్తం. అంటే దయ్యమే బ్యాటరీలో దూరి పెళ్లిని కాపాడింది. ఈ సంగతి వధువు తండ్రికి చెప్పబోతే, ఆయన నన్ను భోజనాల వైపు నడిపించారు.

అయితే దీన్ని మంచి దయ్యమని కొనియాడే ముందు దాని నడవడి కూడా చూడాలి. ఇల్లు రిజిస్టరు చేయించుకోవడానికి ఒక కార్యాలయానికి వెళ్లినప్పుడు నేను దాన్ని దగ్గరగా గమనించాను. సరిగ్గా ఒంటిగంటకు సారు భోజనానికి లేచారు. ఆ ఒంటిగంట ఒక్క సెకను కూడా జారలేదు. జారింది ఆయన తిరిగి రావాల్సిన రెండు గంటల వేళే. గోడ గడియారంలో మూడున్నర అయింది. సారు గదిలో మాత్రం ఇంకా రెండు కాలేదు. ‘ఇప్పుడే వచ్చేస్తారు’ అన్నాడు బంట్రోతు. నా పక్కన ఒక పెద్దాయన ప్లాస్టిక్ కుర్చీ అంచున కూర్చుని ఉన్నారు. వెనక్కి వాలితే తన వంతు పోతుందని ఆయన భయం. చేతిలో టోకెను చెమటకు మెత్తబడి అంకె చెరిగిపోయింది. చివరికి సారు వచ్చి ఆయన్నే కోప్పడ్డారు: ‘ఇంత ఆలస్యంగా వస్తే ఎలా?’

దీనికి హోదాలు బాగా తెలుసునని అప్పుడే నాకు అర్థమైంది. అది సారు గదిలోకి అడుగుపెట్టదు, బయట వరుసలో కూర్చుంటుంది. మంత్రిగారి కార్ల వరుసకు దారి ఇచ్చి, వెనుక ఆగిపోయిన సిటీ బస్సు ఎక్కుతుంది. ఇంటి అద్దె, బ్యాంకు వాయిదా ఏనాడూ 8 నిమిషాలు ఆలస్యంగా రాలేదు. మన జీతం, మన డిపాజిట్టు, మన రీఫండు మాత్రం దాని చేతికి చిక్కుతూనే ఉంటాయి. బతికున్న రోజుల్లో ప్రభుత్వం చేతిలో నలిగిన నిమిషాలు కదా, పోయాక కూడా ప్రభుత్వాన్ని చూస్తే భయమే.

మా బావమరిది ఐటీ ఉద్యోగి. ఇదంతా పనివాళ్ల కొరత, ప్రణాళికలేమి అని కొట్టిపారేశాడు. సాయంత్రం ఆరింటికి వస్తానని చెప్పి ఎనిమిదిన్నరకు వచ్చి మరీ అన్నాడు. అతనికి కూడా పట్టినట్టుంది, పాపం. అయినా రెండున్నర గంటలు దయ్యం మోయగల బరువు కాదు. మిగతాది సొంత ప్రతిభ.

శాంతి చేయిద్దామని మైలాపూరులో ఒక తెలుగు పురోహితుడిని కలిశాను. పోయినవారి తిథి, గోత్రం కావాలన్నారు. 1906 జనవరి 1న తిథి ఏమిటో పంచాంగం చూసుకోమన్నాను. గోత్రం దగ్గర చిక్కొచ్చింది. తండ్రి గోల్డింగ్‌హామ్ దొర అయినప్పుడు కంపెనీ గోత్రమనే చెప్పుకోవాలి కదా అన్నాను. ఆయన కళ్లద్దాలు తీసి తుడుచుకుని, ఖర్చు ఎవరిదని అడిగారు. ఆస్తి ఎవరికి దక్కిందో కర్మ కూడా వారే చేయాలి, అది ధర్మం. కాబట్టి ఖర్చు కాకినాడ వారిదే. పిండాలకు బదులు కాజాలు పెడతామన్నా మాకు అభ్యంతరం లేదు. భోక్తలుగా కూర్చోవడానికి చెన్నై తెలుగువాళ్లం సిద్ధంగా ఉన్నాం. పార్శిల్ మాత్రం సమయానికి చేరాలి.