దయ్యం రావాలంటే డబ్బులు వెయ్యాలి

ఇంగ్లండులోని యార్క్ వెళ్ళిన మనవాళ్ళు అక్కడి పెద్ద చర్చి మిన్‌స్టర్ చూస్తారు, షాంబుల్స్ సందులో ఫోటోలు దిగుతారు, చాక్లెట్లు కొనుక్కుని రైలెక్కుతారు. ఆ షాంబుల్స్ ఒకప్పుడు మాంసం కొట్ల వీధి. ఊళ్ళో కసాయివాళ్ళ సంఘానికి ఏడాదికోసారి ఇంకో పని కూడా ఉండేది. దివ్య సత్ప్రసాద పండుగ (కార్పస్ క్రిస్టి) అనే క్రైస్తవ పండుగ నాడు, సిలువ మీద యేసు ప్రాణం విడిచే ఘట్టాన్ని చక్రాల బండి మీద ఆడి చూపించడం వాళ్ళ వంతు. ఆయన్ని సిలువకు కొట్టే ఘట్టం మేకులు చేసేవాళ్ళది. నోవహు ఓడ పడవలు కట్టేవాళ్ళది, జలప్రళయం చేపలవాళ్ళదీ నావికులదీ, యేసు శిష్యులతో చేసిన చివరి భోజనం, అంటే కడరా భోజనం, రొట్టెలు కాల్చేవాళ్ళది. సృష్టి మొదలు అంతిమ తీర్పు దాకా 50కి కాస్త అటూ ఇటూగా ఘట్టాలు. బండ్లు ఊళ్ళో ఒక్కో చోటే ఆగి, ఆడి, ముందుకు కదిలేవి. వేషగాళ్ళు తెల్లవారుజామున నాలుగున్నరకల్లా తయారుగా ఉండాలని 1415లో నగర సభ చాటింపు వేయించింది.

చదువురాని జనానికి చర్చి బోధ ఎక్కించడానికి ఆడించిన బొమ్మల పాఠాలు ఇవి, అంతే అని తేల్చేయడం మామూలు. ఆ మాటకు ఆధారం లేకపోలేదు. విశ్వాస ప్రమాణం, పది ఆజ్ఞలు, ఏడు ఘోర పాపాలు, ఏడు దయాకార్యాలు ఏడాదికి నాలుగుసార్లయినా జనం భాషలో వివరించి తీరాలని 1281లో క్యాంటర్‌బరీ ఆర్చిబిషప్ జాన్ పెక్కం చర్చి గురువులకు (పూజారులకు) ఆజ్ఞ వేశాడు. 1357లో యార్క్ ఆర్చిబిషప్ థోర్స్‌బీ ఆ పాఠాన్నే ఇంగ్లీషు పద్యంలో రాయించాడు. యార్క్ నాటకాల చివరి ఘట్టంలో దేవుడు మనుషుల్ని విడదీసేది ఈ దయాకార్యాల లెక్కతోనే: ఆకలేస్తే అన్నం పెట్టారా, బట్ట లేనప్పుడు బట్ట ఇచ్చారా అని. ఆ ఘట్టం ఆడేది ఊళ్ళోకెల్లా డబ్బున్న వర్తకుల సంఘం! వాళ్ళ 1433 నాటి సామాన్ల జాబితా ఇప్పటికీ ఉంది. నరకపు నోరు, దయ్యాల వేషాలు, దేవుడికి గాయాల చొక్కా, తాడు లాగితే స్వర్గంలో పరుగులు పెట్టే తొమ్మిది ఎర్ర దేవదూతల బొమ్మలు. దయాకార్యాల గురించి ఆ వర్తకులకు ఎంత ఎక్కిందో గానీ, సామాను విషయంలో మాత్రం లోటు చెయ్యలేదు.

ప్రసంగంలోంచే నేరుగా పుట్టిన నాటకమూ ఒకటుంది. తొలినాటి క్రైస్తవ పండితుడు సెయింట్ అగస్టీన్‌దని జనం నమ్మిన ఒక ప్రసంగాన్ని క్రిస్మస్ రోజుల్లో చర్చిల్లో చదివేవారు. బోధకుడు బైబిలు ప్రవక్తలను ఒక్కొక్కరినే యేసు గురించి సాక్ష్యానికి పిలుస్తాడు: యెషయా, నువ్వు చెప్పు, దానియేలూ, నువ్వు చెప్పు. పోనుపోను ఆ జవాబులకు తలా ఒక గొంతు, తలా ఒక వేషం వచ్చాయి. ఫ్రాన్స్‌లో రువాన్ చర్చికి వచ్చేసరికి బైబిల్లో మాట్లాడే గాడిద కథలోని ప్రవక్త బిలాము గాడిదనెక్కి మరీ దిగాడు. గాడిద లోపలికి వచ్చాక ప్రసంగం ఎవరు వింటారు? ఆ ప్రసంగం యూదుల్ని దోషులుగా నిలబెట్టడానికి రాసింది కాబట్టి, ఆ విషం కూడా నాటకంలోకి దిగిందని చెప్పి తీరాలి.

ఇంతవరకూ బోధ ముందు, ఆట దాని వెనక. నాకు ఈ వరస ఒప్పుదల కానిది ఇక్కడినుంచే. యార్క్ మేకులవాళ్ళ ఘట్టం తీసుకోండి. నలుగురు సైనికులు యేసును సిలువకు కొడుతుంటారు. రంధ్రాలు తప్పు కొలతతో తొలిచారు, చెయ్యి అందడం లేదు. తాళ్ళు కట్టి లాగుతారు. నీ వైపు సరిగ్గా పట్టు అంటాడొకడు. సిలువ ఎత్తబోతే బరువుకు భుజం పోయిందంటాడు ఇంకొకడు. దిగేసిన గుంత వెడల్పయింది, చీలలు కొట్టి బిగిస్తారు. అచ్చం పనివాళ్ళ మాటలు. ఇది పాపమని అంతసేపట్లో ఎవరూ అనరు. యేసు నోరు విప్పేది రెండేసార్లు. సిలువ పైకి లేచాక, దారిన పోయేవాళ్ళారా, నా తల, చేతులు, పాదాలు చూడండి అంటాడు. దారిన పోయేవాళ్ళంటే అక్కడ నిలబడి చూస్తున్న జనమే. పని ఎప్పుడు పూర్తవుతుందా అని ఆ సైనికులతోపాటు ఉత్కంఠగా చూసినవాళ్ళే. పీఠమెక్కిన బోధకుడు మీరూ దోషులేనని వందసార్లు చెప్పగలడు గానీ, వాళ్ళ చేత ఆ తాడు లాగించలేడు.

దీనికంటే గడుసైన నాటకం 1470 ప్రాంతంలో ఇంగ్లండు తూర్పు జిల్లాల్లో పుట్టింది. రాసినవాడెవరో తెలియదు. పేరు 'మ్యాన్‌కైండ్', అంటే మానవజాతి; అందులో ముఖ్య పాత్ర పేరూ అదే. తెర లేవగానే 'కరుణ' అనే గురువు పాత్ర వచ్చి లాటిన్ వాసన కొట్టే పెద్ద పెద్ద మాటలతో ప్రసంగం మొదలెడుతుంది: గింజ దాచబడుతుంది, పొట్టు కాల్చబడుతుంది అని. అంతలో 'అల్లరి' అనేవాడు దూరి, గింజ రొట్టెకు, పొట్టు గుర్రానికి అంటూ దొంగ లాటిన్‌లో వెక్కిరిస్తాడు. జనం ఎవరి పక్షం? సందేహమేముంది! కాసేపటికి ఆకతాయి పాత్రలు ఆట ఆపేసి జనంలోకి దిగుతాయి: టిటివిల్లస్ అనే పెద్ద దయ్యం వస్తున్నాడు, చూడాలంటే డబ్బులు వెయ్యాలి, లేకపోతే రాడు. జనం వేస్తారు. గురువు ప్రసంగం ఉచితంగానే దొరికింది, దయ్యానికి మాత్రం చేతి డబ్బు పెట్టారు. తర్వాత అదే దయ్యం మాయలో పడి మ్యాన్‌కైండ్ ఉరి దాకా వెళ్తుంటే, దాన్ని రప్పించింది తామేనని వాళ్ళకు తెలుసు. ఈ నాటకం రాసినవాడికి ప్రసంగ కళ లోపలినుంచి తెలుసని నా నమ్మకం. ఆ కళ ఎక్కడ ఆగిపోతుందో కూడా అతనికి తెలుసు.

బోధకులకు ఈ సంగతి తెలియక కాదు. 1526లో అచ్చయిన ఒక హాస్యపుస్తకంలో పల్లెటూరి గురువొకడు విశ్వాస ప్రమాణం చెప్పి, నా మాట నమ్మకపోతే కోవెంట్రీ వెళ్ళండి, అక్కడ నాటకంలో అంతా కళ్ళారా చూడొచ్చు అంటాడు. నవ్వుకోవడానికి రాసిందే, అయినా గుండెల్లో గుచ్చుకునే నవ్వు. అంతకు వందేళ్ళ ముందు, 1426లో, విలియం మెల్టన్ అనే ఫ్రాన్సిస్కన్ సన్యాసి యార్క్ వచ్చి, నాటకం మంచిదే గానీ ఆ రోజు తిండి, తాగుడు, కేకలు మితిమీరుతున్నాయి, వేరే రోజుకు మార్చండి అన్నాడు. చివరికి జరిగింది తలకిందులు. నాటకం పండుగ రోజునే నిలబడింది, ఆ పండుగకు చర్చివాళ్ళు చేసే ఊరేగింపే మర్నాటికి మారింది. ఇటలీలో పెరూజా ఊళ్ళో 1448లో రాబర్టో అనే ప్రఖ్యాత బోధకుడు శుభ శుక్రవారం (గుడ్ ఫ్రైడే) ప్రసంగం మధ్యలో ఒక మంగలిని ముళ్ళ కిరీటంతో, భుజాన సిలువతో బయటికి రప్పించాడు. ఊరు ఊరంతా ఏడ్చింది. ఆ మంగలి సన్యాసుల్లో కలిసి, కొన్ని నెలలకే బయటికొచ్చి మళ్ళీ కత్తి పట్టుకున్నాడట.

వద్దన్నవాళ్ళ వాదనకూ బలముంది. చర్చిని సంస్కరించాలన్న ఇంగ్లీషు పండితుడు విక్లిఫ్ అనుయాయుల పత్రమొకటి నాటకాలను తిడుతూ, సమర్థకుల మాటను కూడా రాసిపెట్టింది: బొమ్మ చచ్చిన పుస్తకం, నాటకం బతికిన పుస్తకం అని. తర్వాత ప్రొటెస్టంట్ గురువుల చేతికి అధికారం వచ్చింది. 1569 తర్వాత కొన్ని వందల ఏళ్ళపాటు యార్క్ బండ్లు కదల్లేదు. 1644లో జాన్ షా అనే బోధకుడు అప్పటి లాంకషైర్‌లోని కార్ట్‌మెల్‌లో ఒక ముసలాయన్ని యేసు ద్వారా వచ్చే రక్షణ (పాపవిముక్తి) గురించి అడిగితే, మీరు చెప్పే ఆ మనిషి గురించి ఒకసారి కెండల్‌లో నాటకంలో విన్నాను, చెట్టు మీద ఒక మనిషి, రక్తం కారుతోంది అన్నాడు. చూడండి ఎంత అజ్ఞానమో అని షా రాసుకున్నాడు. నిజమే, ఆ ముసలాయనకు సిద్ధాంతం ఒక్క ముక్క కూడా అంటలేదు. కానీ వినివిని వదిలేసిన ప్రసంగాల్లోంచి ఆ మాత్రం కూడా మిగల్లేదు.

ఇదంతా మన తెలుగు సంఘం పత్రికలో ఎందుకంటే, ఇక్కడ పుట్టిన పిల్లల చేత మనం వేయించే పౌరాణిక నాటికలు చూస్తున్నాను గనక. ప్రతి రంగానికీ ముందొకసారి, వెనకొకసారి వ్యాఖ్యాత మైకు పట్టుకుని నీతి చెబుతాడు. హిరణ్యకశిపుడికి రెండు డైలాగులు, ఒక గద, ఒక గర్జన. మన హరికథలో ఒక్క హరిదాసే బోధకుడూ, రాక్షసుడూ. రాక్షసుడి వంతు వచ్చినప్పుడు మంచి హరిదాసు పిసినారితనం చూపించడు. వచ్చే ఉగాదికి ప్రహ్లాద చరిత్ర రాస్తున్నవాళ్ళు వ్యాఖ్యాత సమయం మొత్తం తీసి ఆ తండ్రికివ్వండి. నా తోడబుట్టినవాణ్ణి చంపినవాణ్ణి నా కొడుకే ఎలా కొలుస్తాడని అతన్ని గట్టిగా అడగనివ్వండి. వెనక వరసలో ఫోన్ చూసుకుంటున్న పదమూడేళ్ళ కుర్రాడు తలెత్తి, అడిగింది న్యాయమే కదా అనుకున్నాడంటే, మిగతాది ప్రహ్లాదుడు చూసుకుంటాడు.