టోరెంట్‌ను గుర్తుపట్టడం ఎందుకు?

హైదరాబాద్ ఇంజినీరింగ్ కాలేజీ హాస్టళ్లలో ఒకప్పుడు సినిమాకి ఇంటర్నెట్ అక్కర్లేదు. హాస్టల్ లోపలి నెట్‌వర్క్ అయిన ల్యాన్‌లో, ఫైళ్లు పంచుకునే డీసీ++ సాఫ్ట్‌వేర్ తెరిస్తే పక్కగది కంప్యూటర్లోంచే దిగేది. బయటి ఇంటర్నెట్‌లో మాత్రం ఇలా ఒకరి కంప్యూటర్‌నుంచి ఒకరు దించుకోవడం మీద మొదటినుంచీ నిఘా ఉంది. టోరెంట్ కూడా అలాంటి పంపకమే; దాన్ని గుర్తుపట్టి ఆపాలని ఇంటర్నెట్ కంపెనీలు చూస్తూనే ఉన్నాయి.

1999లో వచ్చిన పాటలు పంచుకునే సేవ నాప్‌స్టర్ పాటల జాబితాను సొంత సర్వర్లలో పెట్టుకుంది. అందుకే కోర్టు ఆదేశంతో 2001లో మూతపడింది. అదే ఏడాది బ్రామ్ కోహెన్ తెచ్చిన బిట్‌టోరెంట్ (మనం టోరెంట్ అనేది ఇదే) ఫైలును ముక్కలు చేసి, దించుకునేవాళ్ల చేతే పంచిపెట్టించింది. ఇంటర్నెట్ లైనిచ్చే సర్వీస్ ప్రొవైడర్లు మొదట అది వాడే 6881 నుంచి 6889 దాకా పోర్టులు, అంటే నంబర్లున్న ద్వారాలు, మూశారు. సాఫ్ట్‌వేర్ పోర్టు మార్చేసింది. అప్పుడు ప్యాకెట్లను, అంటే నెట్‌లో ప్రయాణించే డేటా ముక్కలను, లోపలికంటా చదవడం మొదలైంది. రెండు కంప్యూటర్లు కలిసేటప్పటి బిట్‌టోరెంట్ పలకరింపులో తొలి బైటు 19, ఆ వెంటనే 19 అక్షరాల్లో ఆ పద్ధతి (ప్రోటోకాల్) పేరు. ఇంత సులువుగా దొరికిపోయేది మరొకటి ఉండదేమో! 2006 నాటికి దానికీ ఎన్‌క్రిప్షన్ ముసుగు పడింది, బయటివాళ్లు చదవలేని రహస్య లిపిలోకి మారింది.

ఇక మిగిలింది నడకను బట్టి పోల్చుకోవడం: ఎంతమందితో కలుస్తోంది, ఎంత అప్‌లోడ్ చేస్తోంది, ప్యాకెట్ల సైజెంత. నా అభ్యంతరం ఇక్కడే. ఇది గుర్తింపు కాదు, ఊహ. ఉచితంగా దొరికే ఆపరేటింగ్ సిస్టమ్ లైనక్స్‌ను దించుకునే అమీర్‌పేట విద్యార్థీ, కొత్త సినిమా దొంగిలించేవాడూ ఆ లెక్కలో ఒకేలా కనబడతారు. అమెరికాలో కామ్‌కాస్ట్ అనే ప్రొవైడర్ కనెక్షన్ ఆపమనే నకిలీ రీసెట్ ప్యాకెట్లు పంపి టోరెంట్ కనెక్షన్లు తెంపుతోందని 2007లో బయటపడింది. అవతలివాడే ఫోన్ పెట్టేసినట్టు నమ్మించడమన్నమాట. 2008లో అక్కడి నియంత్రణ సంస్థ ఎఫ్‌సీసీ తప్పుబట్టింది కానీ, ఆ అధికారం దానికి లేదని 2010లో కోర్టు కొట్టేసింది.

రద్దీకి అసలు మందు టోరెంట్ సాఫ్ట్‌వేరే కనిపెట్టింది. మ్యూటీపీ అనే పద్ధతిలో లైన్లో ఆలస్యం పెరిగితే టోరెంట్ తనంతట తానే తగ్గి, మిగతావాటికి దారిస్తుంది. ఈ ఆలోచనే 2012లో లెడ్‌బ్యాట్ పేరుతో ఇంటర్నెట్ ప్రమాణాలు రూపొందించే సంస్థ ఐఈటీఎఫ్ పత్రంగా వచ్చింది.

గచ్చిబౌలి ఆఫీసు తన నెట్‌వర్క్‌లో టోరెంట్ ఆపితే తప్పులేదు, అది దాని సొంతం. డబ్బు కట్టించుకుని ఇంటికి లైనిచ్చేవాళ్ల సంగతి వేరు. 2018లో కేంద్రం ఆమోదించిన నెట్ న్యూట్రాలిటీ (ప్రొవైడర్లు ఏ సైటుకూ, యాప్‌కూ తేడా చూపకూడదనే సూత్రం) నియమాలు సహేతుకమైన ట్రాఫిక్ నిర్వహణకు వీలిచ్చాయి. రద్దీ వేళ ఎక్కువ వాడేవారికి, ఏ యాప్ అయినా సరే, వేగం తగ్గించడం సహేతుకమే. యాప్ పేరు ఊహించి గొంతు నొక్కడం కాదు. పైరసీ సాకూ నిలవదు: తెలుగు సినిమా ఇప్పుడు టెలిగ్రామ్‌లో, స్ట్రీమింగ్ సైట్లలో కూడా లీకవుతోంది. ప్రొవైడర్లు ఏ వేళ, ఎంత వాడకం దాటితే, ఎంత తగ్గిస్తారో ప్లాన్ వివరాల్లోనే, ధర పక్కన రాయాలి.