'కల్పన' అని రాసిపెట్టడంపై నా అభ్యంతరం

వార్తల్లో సత్యం ఎలా తయారవుతుందో చూపిస్తామంటూ కెమెరాలు, తెరలు మోసుకొని తిరిగే వీడియో కళాకారులను అదుపు చేయవలసిన సమయం వచ్చిందని సవినయంగా మనవి చేస్తున్నాను. మన చానళ్లు రేయింబవళ్లు ఇంటికే తెచ్చి ఇస్తున్న సరుకును వీరు హాలు అద్దెకు తీసుకొని, గోడమీద 'ఇది కల్పన' అని రాసి మరీ చూపిస్తున్నారు. అలా రాయడమే వృత్తికి చేసే ద్రోహం.

హనుమకొండలో ఒకాయన పెట్టిన ప్రదర్శనకు నేనూ వెళ్లాను. మూడు తెరలమీద ఒకటే దృశ్యం: ఎనుమాముల మార్కెట్లో మిర్చి బస్తామీద కూర్చున్న రైతు తువ్వాలతో కళ్లు తుడుచుకుంటాడు. అవి మంచి ధర పలికినందుకు ఆనందబాష్పాలని మొదటి తెర, ధర పడిపోయినందుకు కన్నీళ్లని రెండో తెర ఘోషించాయి. మూడోదానికి వ్యాఖ్యానం లేదు. రైతు తుమ్మి, "తేజ రకం సారూ, ఘాటుకు కండ్లు మండుతున్నయి" అంటాడు. (ఘాటు తక్కువుండే చపాటా రకం బస్తామీద కూర్చోబెట్టి ఉంటే ఈ కళాఖండమే పుట్టేది కాదు.) నా పక్కన కూర్చున్న పెద్దమనిషి ఓపికగా అంతా చూసి, "మూడోదానికి డబ్బింగ్ చెయ్యలే, పైసలు అయిపోయినయేమో" అని జాలిపడ్డాడు.

ఈ కళ మనకు కొత్తదేమీ కాదు. 2016 దాకా వరంగల్ జిల్లాలోనే ఉన్న చేర్యాలలో నకాషీలు బట్టకు చింతగింజల అంబలి, సుద్ద పట్టించి పటాలు గీస్తే, కథకులు వాటిని విప్పుతూ ఒక్కో కులానికి ఒక్కో పురాణం చెప్పేవారు. కూనపులివారు విప్పే పటంలో పద్మశాలీలదే గొప్ప; అయితే అది ఎవరి పురాణమో, సంభావన ఎవరిస్తారో ఊరందరికీ తెలుసు. అంత బాహాటంగా ఉన్నందుకే కాబోలు, ఆ వృత్తి గిట్టుబాటు కాలేదు.

విదేశీయుల పనితనం మరీ నాసిరకం. కంపెనీల ప్రతినిధుల వేషం కట్టి వాటినే ఆటపట్టించే 'ది యెస్ మెన్' బృందంలోని ఒకాయన 2004 డిసెంబరు 3న, భోపాల్ విషవాయువు దుర్ఘటనకు ఇరవై ఏళ్లు నిండిన రోజున, ఆ ఫ్యాక్టరీ నడిపిన యూనియన్ కార్బైడ్‌ను తర్వాత కొన్న డౌ కంపెనీ ప్రతినిధినంటూ బీబీసీ వరల్డ్ తెరమీదికి వచ్చి, బాధితులకు 1,200 కోట్ల డాలర్లు ఇస్తామని ప్రకటించాడు. కొన్ని గంటల్లోనే కంపెనీ అదంతా అబద్ధమని చెప్పి సత్యాన్ని కాపాడుకున్నది. పూట గడవకముందే పట్టుబడేవాణ్ని మన దగ్గర ట్రైనీగా కూడా పెట్టుకోరు.

పట్టుబడని కళను చూడాలంటే వానాకాలంలో మా కాలనీకి రావాలి. మోకాళ్లు కూడా మునగని నీళ్లలో ఒక విలేకరి గొంతుక్కూర్చొని, ఛాతీలోతు వరదలో నిలబడి ఉన్నానని మైకులో చెప్తుండగా, వెనుక నుంచి పాల ప్యాకెట్టు పట్టుకున్న పిల్లవాడొకడు నిటారుగా నడిచిపోయాడు. కెమెరామన్ వాడిని వెనక్కి పిలిచి, "తమ్మీ, జర వంగి నడువు" అన్నాడు. వాడు ప్యాకెట్టును నెత్తిమీద పెట్టుకొని, నడుం వంచి, రెండోసారి ఒక్క తప్పు లేకుండా నడిచాడు.