మబూజే హిట్లర్ కాదండీ బాబూ
"1922లో వచ్చిన జర్మన్ సైలెంట్ థ్రిల్లర్ డాక్టర్ మబూజేలో హిట్లర్ వస్తాడని ముందే చెప్పేశారు, అందుకే నాజీలు బ్యాన్ చేశారు, డైరెక్టర్ ఫ్రిట్జ్ లాంగ్ ఆ రాత్రే పారిపోయాడు" అని ఒక ఫార్వర్డ్ తెగ తిరుగుతోంది.

ముందు బ్యాన్ సంగతి చూద్దాం, అది చిటికెలో తేలిపోతుంది. 1933 మార్చిలో నాజీలు ఆపింది దీన్ని కాదు, 'ద టెస్టమెంట్ ఆఫ్ డాక్టర్ మబూజే'ని. అది దీని సీక్వెల్, పైగా టాకీ.

ఇక కాలజ్ఞానం గొడవ. ఈ కథ నార్బర్ట్ జాక్ అనే లక్సెంబర్గ్ రచయితది, 1921లో బెర్లిన్ వారపత్రికలో సీరియల్‌గా మొదలైంది, అప్పటికి హిట్లర్ మ్యూనిక్‌లో ఓ చిన్న పార్టీ లీడర్, అంతే. అసలు సినిమాలో విలన్ మబూజే ఏం చేస్తాడో చూడండి. రైల్లో ఒక వాణిజ్య ఒప్పందం కాగితాలు కొట్టేయిస్తాడు, ఆ వార్తకి షేర్లు ఢమాల్‌మని పడగానే చవగ్గా కొనేస్తాడు, కాగితాలు దొరికాయని తెలిసి రేట్లు లేచాక అమ్మేసి డబ్బు దండుకుంటాడు. రాత్రిళ్ళు మారువేషాల్లో పేకాట క్లబ్బులకెళ్ళి డబ్బున్నోళ్ళని హిప్నటైజ్ చేసి ఓడిస్తాడు, ఇంకోపక్క గుడ్డివాళ్ళతో దొంగనోట్ల పని చేయిస్తుంటాడు. ఇందులో పార్టీ ఎక్కడుంది, జెండా ఎక్కడుంది? రెండో భాగంలో జనాన్ని రెచ్చగొట్టి పోలీసు బండి మీదకి తోలే సీన్ ఒకటుంది, నిజమే, కానీ అది పట్టుబడ్డ తన మనిషి నోరు విప్పకుండా చంపించడానికి వేసిన ఎత్తు. మొదటి భాగానికి సబ్‌టైటిలే 'ఈ కాలపు చిత్రం' అని పెట్టారు, అంటే మొదటి ప్రపంచ యుద్ధం ఓడి తన కరెన్సీ మార్కు విలువ పడిపోతున్న అప్పటి జర్మనీ. రేపటి గురించి కాదు మహాప్రభో!

హిట్లర్ లింకు గట్టిగా పట్టుకుంది క్రకావర్ అనే జర్మన్ సినీ విమర్శకుడు, 1947లో, అంతా అయిపోయాక వెనక్కి చూసి. అలా చూస్తే ప్రతి విలనూ జోస్యమే.

పారిపోవడం కథ చెప్పింది లాంగే. నాజీ ప్రచార మంత్రి గోబెల్స్ పిలిచి సినిమా రంగం అప్పజెప్తానన్నాడని, ఆ సాయంత్రమే రైలెక్కేశానని ఏళ్ళ తరబడి ఇంటర్వ్యూల్లో చెప్పాడు. ఆయన పాస్‌పోర్టు స్టాంపులు మాత్రం 1933 జూలై దాకా జర్మనీకి వస్తూ పోతూ ఉన్నాడని చూపిస్తున్నాయి. నాజీలకి దూరంగా వెళ్ళిపోయాడు, అది నిజం, ఆ ఒక్క రాత్రి డ్రామానే ఆయన స్క్రీన్‌ప్లే. రెండు సినిమాల స్క్రిప్టులోనూ చెయ్యున్న ఆయన భార్య థియా ఫాన్ హార్బౌ అయితే అక్కడే ఉండిపోయి నాజీ పార్టీలో చేరింది, ఆ ముక్క ఫార్వర్డ్‌లో ఎందుకో లేదు.