రిటైర్మెంట్ తగాదాకు సివిల్ కోర్టే దిక్కా?

"లేబర్ కోర్టు చుట్టూ తిరిగి కాలం వృథా చేసుకోకండి. రిటైర్మెంట్ వివాదానికి సివిల్ కోర్టే అసలైన కోర్టు" అనే సందేశం కార్మికుల ఫోన్లలో చక్కర్లు కొడుతోంది. దానికి నాలుగు కారణాలు కూడా చూపుతున్నారు. నేను కార్మిక సంఘం కార్యాలయంలో ఏళ్ల తరబడి అర్జీలు రాస్తున్నవాడిని. ఈ మాట నమ్మి నష్టపోయినవారిని కళ్లారా చూశాను కనుక ఒక్కో కారణానికీ జవాబు చెప్పక తప్పడం లేదు.

"సివిల్ కోర్టు ఏ వివాదాన్నైనా విచారించగలదు" అన్నది మొదటిది. ఇది సగం నిజం. సివిల్ ప్రొసీజర్ కోడ్ 9వ సెక్షన్ ఆ అధికారం ఇస్తూనే, వేరే చట్టం అడ్డుపెట్టిన దావాలను మినహాయించింది. 1947 నాటి పారిశ్రామిక వివాదాల చట్టం నుంచి పుట్టిన హక్కుకు పరిష్కారమూ ఆ చట్టంలోనే వెతుక్కోవాలని ప్రీమియర్ ఆటోమొబైల్స్ కేసులో సుప్రీంకోర్టు 1975లోనే తేల్చింది. 1995లో రాజస్థాన్ ఆర్టీసీ కేసులో స్టాండింగ్ ఆర్డర్ల (ఫ్యాక్టరీలో ఉద్యోగ నిబంధనల) ఉల్లంఘనకూ ఇదే వర్తిస్తుందని చెప్పింది. ఫ్యాక్టరీ కార్మికుడి రిటైర్మెంట్ వయసు సాధారణంగా ఉండేది ఆ స్టాండింగ్ ఆర్డర్లలోనే. 1947 చట్టం స్థానంలో 2025 నవంబరు 21న అమల్లోకి వచ్చిన పారిశ్రామిక సంబంధాల కోడ్ అయితే తన పరిధిలోని విషయాలను సివిల్ కోర్టు ముట్టుకోకూడదని నేరుగానే రాసింది.

రెండోది "లేబర్ కోర్టులో కూర్చునేది అసలు జడ్జే కాదు" అన్నది. 1947 చట్టం కింద ఆ కుర్చీకి అర్హతల్లో మొదటి వరుసలో ఉన్నవారు హైకోర్టు, జిల్లా జడ్జీలు. సాక్షులను పిలిపించడం, ప్రమాణం చేయించడం, రికార్డులు తెప్పించడం వంటి అధికారాలు సివిల్ కోర్టుకు ఉన్నవే. లేబర్ కోర్టుకు బదులు కొత్త కోడ్ పెట్టిన ట్రిబ్యునల్లో న్యాయ సభ్యుడి పక్కన పాలనాధికారి ఒకరు కూర్చుంటారు. అది నాకూ నచ్చలేదు. కానీ ఆ అభ్యంతరంతో నియామకాల మీద పోరాడాలి గానీ, మూసి ఉన్న తలుపు దగ్గరికి కార్మికుణ్ణి పంపకూడదు.

"ఖర్చు ఎక్కడైనా ఒకటే" అన్నది మూడోది. సొమ్ము కోసం దావా వేస్తే అడిగిన మొత్తాన్ని బట్టి కోర్టు ఫీజు కట్టాలి. గెలిచినా మొదటి అప్పీలు, రెండో అప్పీలు కాచుకుని ఉంటాయి. లేబర్ కోర్టు అవార్డు (తీర్పు) మీద అప్పీలు లేదు. యాజమాన్యం రిట్‌తో హైకోర్టుకు వెళ్లాల్సిందే. కార్మికుడి తరఫున సంఘం నాయకుడే వాదించవచ్చు.

ఈ సందేశం వర్తించేవారూ లేకపోలేదు. ప్రైవేటు కంపెనీలో మేనేజర్ చట్టం దృష్టిలో కార్మికుడు కాడు, ఆయనకు సివిల్ కోర్టే దారి. ప్రభుత్వ ఉద్యోగుల దారి వేరు. గ్రాట్యుటీ ఆగితే దానికి ప్రత్యేక అధికారి ఉన్నారు. కానీ సందేశం పంపేవారు ఈ తేడాలేవీ చెప్పడం లేదు.

అన్నిటికన్నా హాని చేసేది నాలుగోది: "డిక్రీ వస్తే ఉద్యోగం తిరిగి వస్తుంది." రాదు. వ్యక్తిగత సేవా ఒప్పందాన్ని బలవంతంగా అమలు చేయించకపోవడం సివిల్ న్యాయంలో పాతుకుపోయిన సూత్రం. ప్రైవేటు యజమాని అన్యాయంగా ఇంటికి పంపాడని రుజువైనా సివిల్ కోర్టు ఇప్పించేది నష్టపరిహారమే. తిరిగి పనిలోకి తీసుకోమని, పాత జీతం కట్టమని చెప్పగలిగేది లేబర్ కోర్టు, ట్రిబ్యునల్ వంటి పారిశ్రామిక న్యాయస్థానం. అవసరమైతే రిటైర్మెంట్ వయసునే మార్చగలిగేదీ అదే. బ్రిటిష్ పెయింట్స్ కేసులో 60 ఏళ్ల రిటైర్మెంట్ వయసు సమంజసమేనని సుప్రీంకోర్టు చెప్పింది కూడా ఇలాంటి పారిశ్రామిక వివాదంలోనే. ఉన్న ఒప్పందాన్ని చదివి చెప్పడమే సివిల్ కోర్టు పని.

భూమి తగాదా పదేళ్లు నడిచినా భూమి అక్కడే ఉంటుంది. రిటైర్మెంట్ తగాదాలో రోజు గడిచిందంటే వివాదంలో ఉన్న ఆస్తిలో ఒక రోజు కరిగిపోయినట్టే. ఒక ఫ్యాక్టరీ కార్మికుడు సర్వీసు రిజిస్టర్ నకలు పట్టుకుని నా దగ్గరికి వచ్చాడు. బడి సర్టిఫికెట్ లేదు. చేరిన రోజు గుమాస్తా "వయసు సుమారు 24" అని నీలి సిరాతో రాశాడు. తర్వాత ఎవరో నల్ల సిరాతో ఆ 4ను 9గా దిద్దారు. కింద సంతకం లేదు, తేదీ లేదు. ఆ ఒక్క అంకెతో అయిదేళ్ల ముందే ఇంటికి పంపారు. ఎవరో చెబితే అప్పటికే సివిల్ కోర్టులో దావా వేశాడు. నాలుగేళ్లు వాయిదాలకు తిరిగాక, ఇది మా పరిధి కాదని దావా కాగితం చేతికిచ్చి పంపారు. అప్పుడు లేబర్ ఆఫీసుకు తీసుకెళ్లాను. రాజీ ప్రయత్నం విఫలమై కేసు లేబర్ కోర్టుకు చేరేసరికి అతనికి అసలైన లెక్క ప్రకారమే వయసు నిండిపోయింది. దిద్దిన అంకె చెల్లదని అవార్డు వచ్చింది, జీతం బకాయి కొంత వచ్చింది. అతను అడిగింది మాత్రం మళ్లీ మిషన్ ముందు నిలబడాలని.