హిందూ పేపర్‌ని ట్యూషన్ మాస్టర్‌ని చేసింది మనమే

"హిందూ పేపర్ చదవరా, ఇంగ్లీష్ వస్తుంది." ఈ మాట వినకుండా పెరిగిన తెలుగు పిల్లాడు ఉంటాడా? కోచింగ్ సెంటర్లో సార్ చెప్తాడు, బ్యాంకులో పనిచేసే మేనమామ చెప్తాడు, ఆ పేపర్ ఏనాడూ విప్పి చూడని పక్కింటాయన కూడా చెప్తాడు. వాడు బుద్ధిగా ఎడిటోరియల్ ముందేసుకుని కష్టమైన మాటల కింద గీతలు కొట్టి, డిక్షనరీ చూసి నోట్‌బుక్‌లో ఎక్కించుకుంటాడు. ఆ ఎడిటోరియల్ ఎవర్ని తిట్టింది, ఎందుకు తిట్టింది అంటే మాత్రం తెలీదు. ఇక సివిల్స్ బ్యాచ్ సంగతి చెప్పక్కర్లేదు. ఈరోజు పేపర్లో ఏది చదవాలి ఏది వదిలేయాలి అని యూట్యూబ్‌లో ఎవరో చెప్తే విని, పేపర్ ముట్టకుండానే చదివేశాం అనుకునేవాళ్ళు బోలెడుమంది.

నాకు ఒళ్ళు మండేది ఎక్కడంటే, ఆ పేపర్ పుట్టిందే ఒక గొడవలోంచి.

1878లో మద్రాసు హైకోర్టుకి టి. ముత్తుస్వామి అయ్యర్‌ని జడ్జిగా వేశారు. ఆ కోర్టులో జడ్జి అయిన మొదటి భారతీయుడు ఆయనే. మద్రాసులో తెల్లవాళ్ళు నడిపే ఇంగ్లీష్ పేపర్లు ఆయన మీద విరుచుకుపడ్డాయి, గట్టిగా తిప్పికొట్టే పేపరేమో మనవాళ్ళ చేతిలో లేదు. మద్రాసులోనే ట్రిప్లికేన్ అనే పేటలో ఒక సాహిత్య సంఘంలో కలుసుకునే ఆరుగురు కుర్రాళ్ళకి ఇది మింగుడు పడలేదు. ఇద్దరు పంతుళ్ళు, నలుగురు లా చదివేవాళ్ళు. రూపాయి పన్నెండణాలు అప్పు చేసి, 80 కాపీలు అచ్చు వేయించి, సెప్టెంబర్ 20న బయటికి తెచ్చారు. అప్పుడది వారపత్రిక. 1883లో వారానికి మూడుసార్లయింది, 1889లో దినపత్రికయింది.

ఆ నలుగురు లా విద్యార్థుల్లో ఒకాయన న్యాపతి సుబ్బారావు పంతులు. అవును, తర్వాత రాజమండ్రిలో ప్లీడరుగా స్థిరపడి 'ఆంధ్ర భీష్మ' అనిపించుకున్న ఆయనే. వీరేశలింగం గారు సంపాదకుడిగా వచ్చిన 'చింతామణి' పత్రిక పెట్టింది, అందులో నవలల పోటీలు పెట్టించింది కూడా ఈయనే. హిందూ చదవమని మనకి క్లాసు పీకేవాళ్ళలో ఎంతమందికి ఈ ముక్క తెలుసో నాకు డౌటే.

ఇంకో సంగతి ఉంది, నాకు అసలైంది అదే. సరిగ్గా ఆ 1878 మార్చిలోనే వైస్రాయ్ లిట్టన్ దొర దేశభాషా పత్రికల చట్టం తెచ్చాడు. బెంగాలీలాంటి దేశభాషల్లో సర్కారుకి నచ్చనిది రాస్తే ప్రెస్సు కూడా లాగేసుకోవచ్చు. ఇంగ్లీష్ పత్రికలకి ఆ చట్టం వర్తించదు! అందుకే కలకత్తాలో అమృతబజార్ పత్రిక రాత్రికి రాత్రి ఇంగ్లీష్‌లోకి మారిపోయింది. నాలుగేళ్ళకి ఆ చట్టం పోయింది కానీ దాని వెనక లెక్క మాత్రం అలాగే ఉండిపోయింది. ఇంగ్లీష్‌లో ఎంత రాసినా చదివేది ప్లీడర్లు, గుమాస్తాలు, వాళ్ళు మహా అయితే ఒక అర్జీ పెట్టుకుంటారు. అదే తెలుగులో రాస్తే రచ్చబండ దగ్గర ఒకడు చదువుతాడు, ఇరవైమంది వింటారు. ఆ ఇరవైమందంటేనే సర్కారుకి టెన్షన్.

ఈ లెక్క అందరికంటే బాగా అర్థమైంది హిందూ మొదటి సంపాదకుడు జి. సుబ్రమణ్య అయ్యర్‌కే. మామూలు మనిషి కాదాయన. 1885లో కాంగ్రెస్ మొదటి సభలో మొదటి తీర్మానం ప్రవేశపెట్టింది ఆయనే. 1882లోనే, అంటే హిందూ నడుపుతూనే, తమిళంలో 'స్వదేశమిత్రన్' పెట్టాడు. సంఘ సంస్కరణ గురించి పేపర్లో రాసి ఊరుకోలేదు, చిన్నప్పుడే భర్త పోయిన సొంత కూతురికి 1889లో బొంబాయిలో మళ్ళీ పెళ్ళి చేశాడు. రాజమండ్రిలో వీరేశలింగం గారు మొదటి వితంతు వివాహం చేయించి అప్పటికి ఎనిమిదేళ్ళు. అక్కడ ఆయన పడ్డ వెలి, తిట్లు ఇక్కడ ఈయనా పడ్డాడు. స్వరాజ్యం గురించి ఎంత ఘాటుగా రాసినా తల ఊపిన పెద్దమనుషులకి, ఇంట్లో ఆడపిల్ల సంగతి ఎత్తేసరికి కాలింది. ఒకవైపు పరువునష్టం దావాల ఖర్చు, ఇంకోవైపు చందాదారుల అలక. ఆ ఆరుగురిలో ఒకడైన భాగస్వామి వీరరాఘవాచారికి పేపర్ బతకాలన్న బెంగ. చివరికి 1898లో అయ్యర్ హిందూ వదిలేసి తమిళ పత్రికకి వెళ్ళిపోయాడు, మరుసటేడే దాన్ని దినపత్రిక చేశాడు. తర్వాత తమిళ మహాకవి అనిపించుకున్న కుర్రాడు సుబ్రహ్మణ్య భారతిని పత్రికా రచనలోకి లాక్కొచ్చిందీ ఆయనే.

మరి అయ్యర్‌ని రాజద్రోహం కింద అరెస్టు చేసింది ఎప్పుడు? 1908లో. దేనికి? తమిళంలో రాసినవాటికి. ఇంగ్లీష్‌లో ఇరవైయేళ్ళు రాసినా రాని సంకెళ్ళు పూర్తిగా తమిళానికి మారిన పదేళ్ళకే వచ్చాయి. అదే 1908లో బెజవాడలో 'స్వరాజ్య' పత్రిక నడిపిన గాడిచర్ల హరిసర్వోత్తమరావు గారికి, తిరునల్వేలిలో జనం మీద జరిగిన పోలీసు కాల్పుల గురించి తెలుగులో రాసినందుకు మూడేళ్ళ జైలు పడింది. మద్రాసులో ఆయన, బెజవాడలో ఈయన, ఒకే ఏడాది. హిందూ చరిత్ర చెప్పేవాళ్ళు ఈ రెండూ పక్కపక్కన పెట్టగా నేను చూడలేదు.

తర్వాతి కథ చాలామందికి తెలిసిందే. 1905లో కస్తూరి రంగ అయ్యంగార్ 75,000 రూపాయలకి పేపర్ కొన్నారు, అప్పట్నుంచీ ఆ కుటుంబానిదే. 1958 జనవరి దాకా మొదటి పేజీ నిండా ప్రకటనలే, వార్త కావాలంటే లోపలికి వెళ్ళాలి (ఇప్పుడు ఫుల్ పేజీ యాడ్ చూసి గోలపెట్టేవాళ్ళు ఇది గమనించాలి). పేపర్లు మోయడానికి సొంత విమానాలు కూడా కొన్నారు. ఎమర్జెన్సీలో మాత్రం నా లెక్కన చాలా మెత్తగా నడుచుకున్నారు. మళ్ళీ పాత రక్తం కనిపించింది బోఫోర్స్ ఫిరంగుల ముడుపుల గొడవ అప్పుడే. హిందూ జర్నలిస్టులు చిత్రా సుబ్రమణ్యం, ఎన్. రామ్ కాగితాలతో సహా అచ్చేస్తుంటే దేశమంతా ఎదురుచూసేది. 1989లో ఒక భాగాన్ని సంపాదకుడు జి. కస్తూరి ఆపేశారు, రామ్ బహిరంగంగానే తప్పుపట్టారు, చిత్ర ఆ పేపర్ వదిలి వెళ్ళిపోయారు. మళ్ళీ అదే: నిప్పు రాజేసినవాళ్ళు బయటికి, పెద్దరికం లోపల.

హిందూ చెత్త పేపర్ అని నేననట్లేదు, మా ఇంట్లో ఇప్పటికీ వేయించుకుంటాం. నా గొడవల్లా దాన్ని పూజగదిలో పెట్టి, తెలుగు పేపర్‌ని పకోడీలు కట్టడానికి పెట్టుకునే మన బుద్ధి మీద. తెలుగు పేపర్లు ఇప్పుడు పార్టీల కరపత్రాల్లా తయారయ్యాయి అంటారా, నిజమే, కాదనను. కానీ అవి ఎవరి కోసం రాస్తున్నాయో మనం పట్టించుకోవడం మానేశాకే కదా అంత ధైర్యం వచ్చింది!

అన్నట్టు గాడిచర్ల వారి 'స్వరాజ్య' పాత సంచికలు ఎవరి తాతగారి బీరువాలోనైనా ఉంటే స్కాన్ చేసి పెట్టండి బాబూ. హిందూ ఎడిటోరియల్ పీడీఎఫ్‌లు ఇప్పటికే నేనున్న ప్రతి గ్రూపులో పడుతున్నాయి.