చెయ్యి చేసుకోకపోతే హింస కానట్టేనా?

“భర్త కొట్టనంత కాలం చట్టం ఏమీ చేయలేదు. జీతం తీసుకోవడం, ఫోన్ చూడటం, పుట్టింటికి పంపకపోవడం సంసారంలో సర్దుకుపోవలసినవే. సాక్షులు ఉండరు. పైగా ఫిర్యాదు చేస్తే భర్త నేరుగా జైలుకే.” వాట్సాప్‌లో విస్తృతంగా తిరుగుతున్న ఈ మాటల్లో దాదాపు ఏదీ చట్టం ముందు నిలవదు.

గృహహింస నుంచి మహిళలకు రక్షణ కల్పించే 2005 నాటి చట్టం, 3వ సెక్షన్‌లో శారీరక, లైంగిక హింసలతో పాటు మాటలతో, మానసికంగా పెట్టే హింసనూ ఆర్థిక హింసనూ ఒకే వరుసలో నిలిపింది. ఆ చట్టం కింద వచ్చిన 2006 నిబంధనలకు జతచేసిన, జరిగిన హింసను నమోదు చేసే నివేదిక నమూనా మరింత సూటిగా ఉంది. జీతం లాక్కోవడం, ఉద్యోగం చేయనివ్వకపోవడం, ఇల్లు కదలనివ్వకపోవడం, ఫలానా మనిషిని కలవనివ్వకపోవడం అందులో విడివిడిగా పేర్కొన్నారు.

సర్దుకుపొమ్మనే వాదనే అన్నిటికంటే ప్రమాదకరం. ఏటీఎం కార్డు భర్త జేబులో ఉండటం, అమ్మతో మాట్లాడేటప్పుడు స్పీకర్ పెట్టమనడం, కూరగాయలకిచ్చిన డబ్బుకు పైసాతో సహా లెక్క అడగడం విడివిడిగా చూస్తే పంచాయితీ పెట్టేంత పెద్దవిగా కనిపించవు. ఏళ్ల తరబడి అన్నీ కలిసి సాగినప్పుడు ఆమె అడుగు తీసి అడుగు వేయాలన్నా అనుమతి అడగవలసిన స్థితి వస్తుంది. అందుకే హింస జరిగిందా లేదా అని తేల్చేటప్పుడు మొత్తం పరిస్థితులను పరిగణించాలని అదే సెక్షన్ వివరణ చెబుతోంది.

సాక్షుల సంగతికొస్తే, నాలుగు గోడల మధ్య జరిగేదానికి ఇరుగుపొరుగు సాక్ష్యం దొరకదని చట్టం రాసినవారికీ తెలుసు. ఆమె అఫిడవిట్ ఆధారంగానే మేజిస్ట్రేట్ 23వ సెక్షన్ కింద మధ్యంతర ఉత్తర్వు ఇవ్వవచ్చు. బ్యాంకు స్టేట్‌మెంట్లు, మెసేజీలు ఉంటే మరీ మంచిది.

జైలు భయం రెండు వేర్వేరు దారులను కలిపేయడం వల్ల పుట్టింది. గృహహింస చట్టం 12వ సెక్షన్ కింద మేజిస్ట్రేట్‌కు పెట్టే దరఖాస్తుతో ఆమెకు దక్కేవి రక్షణ, నివాసం, డబ్బు, పరిహారం. రక్షణ ఉత్తర్వును ఉల్లంఘిస్తేనే ఏడాది వరకు జైలు, లేదా 20,000 రూపాయల వరకు జరిమానా, లేదా రెండూ. నేరాలకు శిక్షలు చెప్పే భారతీయ న్యాయ సంహిత 85వ సెక్షన్ కింద పెట్టే క్రూరత్వం కేసు వేరు. దానికి మూడేళ్ల వరకు శిక్ష ఉన్నా, వరకట్న వేధింపు కాని సందర్భాల్లో ఆత్మహత్యకు పురికొల్పేంత లేదా ఆరోగ్యానికి తీవ్ర హాని కలిగించేంత ప్రవర్తనను నిరూపించాలి.

ఆ సందేశంలో కాస్త నిజం ఉందంటే అది ఇక్కడే. ఇంగ్లండ్, వేల్స్‌లలో 2015 నుంచి ఇలాంటి నిరంతర అదుపే ఐదేళ్ల వరకు శిక్షపడే నేరం. మన దగ్గర దానికి ప్రత్యేక నేరం లేదు. అయినా మహిళల హెల్ప్‌లైన్ 181కు ఫోన్ చేయడానికి గానీ, గృహహింస చట్టం కింద ప్రభుత్వం నియమించే రక్షణాధికారి చేత నివేదిక రాయించుకోవడానికి గానీ ఒంటిమీద దెబ్బ చూపించనక్కర్లేదు. ఆదాయంతో నిమిత్తం లేకుండా మహిళలకు ఉచిత న్యాయ సహాయమూ ఉంది.